బోనెక్కిన చరిత్రకారుడు

1914 జులై 13. ఉత్తర ఫ్రాన్సులోని అమియెన్ పట్టణంలో ఉన్నత పాఠశాల బహుమతి ప్రదానోత్సవం జరుగుతోంది. ఆ రోజు ప్రసంగించే వంతు చరిత్ర మాస్టారిది. పేరు మార్క్ బ్లోక్, వయసు 28. పిల్లల ముందు నిలబడి ఆయన ఎంచుకున్న విషయం సాక్ష్యం.

ఆయన చెప్పిన దాని సారం ఇది. చరిత్రకారుడు నేరాన్ని విచారించే న్యాయాధికారి వంటివాడు. జరిగినదాన్ని తాను కళ్లారా చూడలేదు. చూశామన్నవాళ్లు చెప్పింది విని, వాళ్లను ఎంతవరకు నమ్మాలో తేల్చుకోవాలి. ఇద్దరు సాక్షులు రెండు రకాలుగా చెబితే నిజం ఆ రెండింటికీ నడుమ ఎక్కడో ఉంటుందనుకోవడం ఒట్టి బద్ధకం. రెండూ రెండూ కలిస్తే నాలుగని ఒకరు, ఐదని మరొకరు అంటే, పోనీ నాలుగున్నర అని తీర్పు చెప్పలేం కదా. ముగ్గురు ఒకే మాట అన్నంత మాత్రాన అది గట్టి సాక్ష్యం అయిపోదు. అందులో ఇద్దరు మూడోవాడి మాటనే ఎత్తిరాసి ఉండవచ్చు. అబద్ధం ఆడాలన్న తలంపు ఏ కోశానా లేని మంచి మనిషి కూడా తప్పు చూస్తాడు, తప్పు గుర్తుంచుకుంటాడు.

మూడు వారాలు తిరిగేసరికి జర్మనీ ఫ్రాన్సు మీద యుద్ధం ప్రకటించింది. మాస్టారు సార్జెంటుగా పటాలంలోకి వెళ్లారు.

చరిత్రకారుల జీవిత చరిత్రల్లో చదవడానికి ఏముంటుందని చాలామంది అడుగుతారు. పుట్టారు, చదివారు, పదవి సంపాదించారు, పుస్తకాలు రాశారు, పోయారు. సేనానులకూ విప్లవకారులకూ ఉన్న కథ వాళ్లకెక్కడిది? నిజానికి ఒక చరిత్రకారుడు వేసే ప్రశ్నలు గాలిలోంచి ఊడిపడవు. అవి ఎక్కడినుంచి వచ్చాయో తెలియాలంటే ఆయన బతుకులోకి వెళ్లక తప్పదు. ఇరవయ్యో శతాబ్దపు చరిత్ర రచన దారి మళ్లించిన నలుగురైదుగురిలో బ్లోక్ ఒకరు. ఆ బడిలో లేవనెత్తిన ప్రశ్నను ఆయన ముప్ఫై ఏళ్లపాటు వదిలిపెట్టలేదు. చివరికి విచారణ చేసే కుర్చీలోంచి లేచి తానే బోనెక్కారు.

ఆ ప్రశ్నకు విత్తనం ఇంట్లోనే పడింది. బ్లోక్ కుటుంబం జర్మన్ సరిహద్దులోని ఆల్సేస్ ప్రాంతపు యూదు కుటుంబం. ముత్తాత ఫ్రెంచి విప్లవ సైన్యంలో పోరాడారు. 1870లో జర్మన్లు స్ట్రాస్‌బర్గ్‌ను ముట్టడించినప్పుడు తండ్రి గుస్తావ్ ఆ నగర రక్షణలో ఉన్నారు. తర్వాత ఆయన రోమన్ చరిత్రలో పేరున్న ప్రొఫెసరయ్యారు. మార్క్ 1886లో లియోన్‌లో పుట్టి పారిస్‌లో పెరిగారు. ఆయన ఎదిగిన ఏళ్లన్నిటా డ్రైఫస్ వ్యవహారం నడుస్తూనే ఉంది. ఆల్‌ఫ్రెడ్ డ్రైఫస్ అనే యూదు సైనికాధికారిని దేశద్రోహి అని 1894లో శిక్షించారు. ఒక కాగితం మీది చేతిరాత అతనిదేనన్నది అభియోగం. డ్రైఫస్ పక్షాన కలమెత్తిన రచయిత ఎమిల్ జోలా మీద 1898లో కేసు నడిచింది. మధ్యయుగపు పత్రాలు చదవడంలో దిట్టలైన పండితులు కోర్టుకొచ్చి ఆ రాత డ్రైఫస్‌ది కాదని సాక్ష్యం చెప్పారు. శతాబ్దాల నాటి దానశాసనాల్లో దొంగవాటిని ఏరడానికి పుట్టిన విద్య ఒక బతికున్న మనిషిని ద్వీపాంతర శిక్ష నుంచి తప్పించడానికి అక్కరకొచ్చింది. అదే ఏడు, డ్రైఫస్‌కు వ్యతిరేకంగా చూపిన మరో కాగితం సైన్యంలోని వాళ్లే సృష్టించిందని బయటపడింది. అప్పటికి బ్లోక్‌కు 12 ఏళ్లు. డ్రైఫస్ నిర్దోషి అని తేలేనాటికి 20. చరిత్ర చదువుకోవడమంటే దొంగ కాగితాన్ని పట్టుకోవడం నేర్చుకోవడమని ఆ తరానికి ఎవరూ విడిగా చెప్పాల్సిన పని లేకపోయింది.

ఇక యుద్ధం. బ్లోక్ మార్న్ నది పోరాటంలో ఉన్నారు. టైఫాయిడ్ వచ్చి చావు తప్పించుకున్నారు. కోలుకునే రోజుల్లో, మరుపు రాకముందే అన్నట్టు, తాను చూసినదంతా రాసిపెట్టుకున్నారు. నాలుగుసార్లు ప్రశంసాపత్రం అందుకుని, కెప్టెన్ హోదాతో బయటికొచ్చారు. కానీ యుద్ధం నుంచి ఆయన తెచ్చుకున్న అసలు సంపద 1921లో అచ్చయిన ఒక వ్యాసంలో ఉంది. యుద్ధకాలపు పుకార్ల మీద రాసిన వ్యాసం అది. అందులో ఒక చిన్న సంఘటన ఉంది, దాన్ని తీరిగ్గా చెప్పుకోవాలి.

1917 సెప్టెంబరు. బ్లోక్ ఉన్న పటాలం ఉత్తర ఫ్రాన్సులో ఒక పీఠభూమి మీద కందకాల్లో ఉంది. వెనకవైపు బ్రెన్ అనే చిన్న పట్టణం. ఎదురుగా ఉన్న శత్రుదళం ఏదో తెలుసుకోవాలంటే ఒక ఖైదీ కావాలి. ఒక దాడిలో కాపలా ఉన్న జర్మన్ సైనికుణ్ణి పట్టుకొచ్చారు. మధ్య వయస్కుడు. ఊరేదని అడిగితే బ్రెమెన్ అన్నాడు. ఫ్రెంచివాళ్లు ఆ నగరాన్ని బ్రెమ్ అంటారు. విచారణ అయ్యాక అతణ్ణి వెనక్కి పంపేశారు. కొద్దిసేపట్లోనే వెనక ఉన్న ఫిరంగి దళాల నోట ఒక కథ మొదలైంది. ఈ జర్మన్లు ఎంత పన్నాగం చేశారో చూశారా, అన్నిచోట్లా గూఢచారుల్ని పెట్టుకున్నారు, ఇవాళ దొరికినవాడు యుద్ధానికి ముందు మన బ్రెన్‌లోనే వ్యాపారం చేసుకుంటూ కాపురమున్నాడట!

గూఢచర్య సమాచారం చూసే అధికారిగా ఆ ఖైదీ సంగతి బ్లోక్‌కు నేరుగా తెలుసు. అందుకే ఒక పుకారు పుట్టుకను, మొదలు నుంచీ, చేత్తో పట్టుకుని చూసే అవకాశం ఆయనకు దక్కింది. రెండు ఊళ్ల పేర్లు దగ్గరగా వినపడటం వల్లే వచ్చిందని ఆయన సరిపెట్టుకోలేదు. దూరాన ఉన్న జర్మన్ నగరం పేరు మామూలు సిపాయికి తెలియదు. బ్రెన్ మాత్రం రోజూ నోట్లో నానే ఊరు. అంతకుమించి, జర్మన్లు ఎక్కడపడితే అక్కడ గూఢచారుల్ని దాచారన్న నమ్మకం అందరి బుర్రల్లోనూ ముందే తిష్ట వేసుకుని ఉంది. వినికిడి పొరపాటు వంద చోట్ల జరుగుతుంది. ఆ నమ్మకానికి అతికే పొరపాటు మాత్రమే బతికి, కాళ్లొచ్చి, ఊరేగుతుంది. పుకారు పుట్టిన చోటును కూడా బ్లోక్ గమనించారు. ముందు వరసలో ఉన్నవాళ్లకు కబుర్లు చెప్పుకునే తీరిక లేదు. వెనకనున్న వంటశాలల దగ్గర వేర్వేరు దళాల మనుషులు కలుస్తారు. అన్నం తీసుకెళ్లడానికి వచ్చినవాళ్లు అన్నంతోపాటు కథలూ మోసుకెళతారు. పత్రికల మీద సెన్సారు ఉంది కాబట్టి అచ్చయినదాన్ని ఎవరూ నమ్మరు, చెవిన పడిందే నమ్ముతారు. ఇరవయ్యో శతాబ్దం నడిబొడ్డున, తుపాకులూ టెలిఫోన్లూ ఉన్న సైన్యంలో, అచ్చుయంత్రం రాకముందు నాటి సమాజం మళ్లీ ప్రాణం పోసుకుందని ఆయనకు అర్థమైంది. మధ్యయుగాన్ని చదివే పండితుడికి మధ్యయుగం కందకంలో కనపడింది.

ఇవాళ ఫోను తెర మీద ఒక వదంతి వేల చేతులు మారుతుంటే, ఇది అబద్ధం అని చెప్పి ఊరుకునేవాళ్లు బ్లోక్ వ్యాసం చదవాలి. అబద్ధమని తేల్చడం పనిలో సగమే. ఇంతమంది దీన్ని నమ్మడానికి ఎందుకు సిద్ధంగా ఉన్నారన్నది మిగతా సగం. ఆ రెండో సగమే కష్టం, అక్కడే సమాజం తన గురించి తాను నోరు విప్పుతుంది.

ఆ రెండో సగాన్ని పట్టుకునే 1924లో ఆయన మొదటి పెద్ద పుస్తకం వచ్చింది. ఫ్రాన్సు, ఇంగ్లండు రాజులు చేత్తో తాకితే గండమాల నయమవుతుందని జనం కొన్ని వందల ఏళ్లు నమ్మారు. మెడ మీద గడ్డలు కట్టే జబ్బు అది. పసివాడిగా ఉన్న శామ్యూల్ జాన్సన్‌ను, తర్వాతి కాలంలో ఇంగ్లీషు నిఘంటువు కూర్చిన ఆ జాన్సన్‌నే, 1712లో తల్లి లండన్ తీసుకెళ్లి యాన్ రాణి చేత తాకించింది. ఫ్రాన్సులో పదో చార్లెస్ 1825లో పట్టాభిషేకమయ్యాక కూడా రోగుల్ని తాకాడు. అప్పటి చరిత్రకారులు ఇటువంటి వాటిని మూఢనమ్మకమని ఒక వాక్యంలో తోసేసి, ఒప్పందాల్లోకీ యుద్ధాల్లోకీ వెళ్లిపోయేవారు. బ్లోక్ మాత్రం పండుగ దినాల్లో బారులు తీరిన రోగుల లెక్కలు, ఖజానా చిట్టాలు, పట్టాభిషేక విధులు, వైద్యగ్రంథాలు తిరగేశారు. వైద్యుడైన అన్న లూయీ సాయం తీసుకున్నారు. ఆ జబ్బు కొన్నాళ్లు తగ్గి మళ్లీ తిరగబెట్టే రకం. తగ్గితే రాజు చలవ, తగ్గకపోతే మళ్లీ వెళ్లాలి. అద్భుతం జరుగుతుందని ఎదురుచూసినవాళ్లకు అద్భుతం జరిగినట్టే తోచింది. కందకంలో పుకారును చూసిన కంటితోనే ఆయన సింహాసనాన్నీ చూశారు. రాజు అధికారం ఖడ్గంలో ఎంత ఉందో, వరసలో నిలబడ్డ రోగి మనసులో అంత ఉంది.

అప్పటికి ఆయన స్ట్రాస్‌బర్గ్ విశ్వవిద్యాలయంలో ఉన్నారు. యుద్ధం తర్వాత ఫ్రాన్సు చేతికి తిరిగొచ్చిన ఆ నగరంలో, పక్కపక్క గదుల్లో గొప్ప బుర్రలు కూడాయి. సామూహిక స్మృతి మీద రాసిన మోరిస్ హాల్బ్‌వాక్స్ అక్కడే ఉన్నారు, ఆయన తర్వాత నాజీల బూకెన్‌వాల్డ్ శిబిరంలో చనిపోయారు. చరిత్రకారుడు లూసియెన్ ఫెవ్ర్ అక్కడే ఉన్నారు. బ్లోక్, ఫెవ్ర్ కలిసి 1929లో 'అనాల్' పత్రిక పెట్టారు. రాజులూ మంత్రులూ సంధిపత్రాలతో నిండిన చరిత్రకు బదులు ధరలు, పంటలు, నమ్మకాలు, పనిముట్లు కావాలన్నారు. 1931లో బ్లోక్ ఫ్రాన్సు పల్లెల చరిత్ర రాశారు. ఉత్తరాన పొలాలు పొడవుగా, సన్నగా పట్టీల్లా ఎందుకున్నాయి? చక్రాలున్న బరువు నాగలిని ఊరికే మళ్లించడం కష్టం, అందుకని చాలు ఎంత పొడవుంటే అంత మేలు. పద్దెనిమిదో శతాబ్దపు భూమి పటాలు ముందు పెట్టుకుని, తెలిసిన కాలం నుంచి తెలియని కాలానికి, వెనక్కి వెనక్కి ఆయన నడిచారు. గట్టు కూడా సాక్షే. అది అబద్ధం చెప్పాలని అక్కడ నిలబడలేదు.

ఈ మాట దగ్గరే బ్లోక్ ఆలోచన తెలుగు పాఠకుడికి దగ్గరవుతుంది. సాక్ష్యాలు రెండు రకాలని ఆయన విడదీశారు. లోకం వినాలని చెప్పినవి ఒకటి, తెలియకుండా జారిపడినవి మరొకటి. రాజు వేయించిన ప్రశస్తి మొదటి రకం. వంటింటి చిట్టా రెండోది. రెండో రకానికే ఆయన ఎక్కువ విలువ ఇచ్చారు. 1949లో సురవరం ప్రతాపరెడ్డి 'ఆంధ్రుల సాంఘిక చరిత్ర' ప్రచురించినప్పుడు సరిగ్గా ఇటువంటి సాక్ష్యాలనే పోగుచేశారు. ఇది ఫ్రాన్సు ప్రభావమని చెప్పడం లేదు. నేల వేరు, అవసరం ఒకటి. 'క్రీడాభిరామం' రాసిన కవి ఓరుగల్లు వీధుల్లో తన పాత్రల్ని తిప్పి రసికుల్ని రంజింపజేయాలనుకున్నాడు. దారిలో పూటకూళ్ల ఇంటి భోజనం, కోడిపందేలు వచ్చిపడ్డాయి. కాకతీయుల కాలపు మామూలు మనిషి ఏం తిన్నాడో, దేనికి చప్పట్లు కొట్టాడో ఏ శాసనమూ అంత వివరంగా చెప్పదు. ప్రతాపరెడ్డి ఆ పద్యాల్లోంచి తిండి, బట్ట, ఆట, వేడుక ఏరుకున్నారు. తెలుగుకు తొలి కేంద్ర సాహిత్య అకాడమీ బహుమతి 1955లో ఆ పుస్తకానికే వచ్చింది.

మళ్లీ బ్లోక్ దగ్గరికి వద్దాం. ఆయనకు ఎంతో ఇష్టమైన చరిత్రకారుడు బెల్జియం దేశస్థుడు హెన్రీ పిరెన్. మొదటి ప్రపంచ యుద్ధంలో పిరెన్ కొడుకు ఒకరు చనిపోయారు. తర్వాత జర్మన్లు 1916లో ఆయన్నే పట్టుకెళ్లారు. శిబిరంలో పిరెన్ తోటి ఖైదీలకు పాఠాలు చెప్పారు, రష్యన్ ఖైదీల దగ్గర రష్యన్ నేర్చుకున్నారు, దగ్గర గ్రంథాలయం లేకుండా, జ్ఞాపకం మీద ఆధారపడి యూరప్ చరిత్ర రాయడం మొదలెట్టారు. అటువంటి మనిషితో బ్లోక్ ఒకసారి స్టాక్‌హోమ్ వెళ్లారు. ముందు ఏం చూద్దామని పిరెన్ అడిగి, కొత్తగా కట్టిన నగరసభ భవనం చూద్దామన్నారు. పాతవస్తువులు కూడబెట్టేవాణ్ణయితే పాతవే చూసేవాణ్ణి, చరిత్రకారుణ్ణి కాబట్టి బతుకంటే ఇష్టమని ఆయన చెప్పిన భావం బ్లోక్ మనసులో నాటుకుంది. బతుకంటే అంత ఇష్టమున్నవాడికి యుద్ధం వచ్చినప్పుడు గ్రంథాలయంలో కూర్చోవడం సాధ్యమా?

1939లో మళ్లీ యుద్ధం. బ్లోక్‌కు 53 ఏళ్లు, ఆరుగురు పిల్లలు, సోర్బాన్‌లో ప్రొఫెసర్ పదవి. ఫ్యూడల్ సమాజం మీద రాసిన మహాగ్రంథం అప్పుడే అచ్చవుతోంది. సైన్యంలోకి రానక్కర్లేదు, అయినా చేరారు. ఫ్రెంచి సైన్యంలో అందరికంటే వయసు మళ్లిన కెప్టెన్‌ని నేనేనని చెప్పుకునేవారు. 'మొదటి సైన్యం' అనే విభాగానికి పెట్రోలు సరఫరా చూసే పని అప్పగించారు. పల్లె పటాలు చదివిన మనిషి ఇప్పుడు బెల్జియంలో ఏ మూల ఎంత ఇంధనం నిల్వ ఉందో లెక్కలు రాబట్టారు. 1940 మేలో జర్మన్ దాడి మొదలైంది. శత్రువు చేతికి చిక్కకుండా దారి పొడవునా నిల్వలు తగలబెట్టుకుంటూ వెనక్కి తగ్గాల్సి వచ్చింది. డంకర్క్‌లో ఓడెక్కి ఇంగ్లండు చేరి, అటునుంచి అటే మళ్లీ ఫ్రాన్సులో దిగారు.

జూన్ 18న ఆయన రెన్ నగరంలో ఉన్నారు. వీధిలో వెళుతుంటే జర్మన్ సైనికుల బారు ఎదురుగా సాగిపోతోంది. తుపాకి పేలలేదు. ఫ్రెంచి సిపాయిలు, అధికారులు నిలబడి చూస్తున్నారు. ఖైదీ కాకూడదని బ్లోక్ అప్పటికప్పుడు నిర్ణయించుకున్నారు. యూనిఫాం విప్పి, స్థానిక ప్రొఫెసర్ మిత్రుల సాయంతో మామూలు బట్టలు సంపాదించి, హోటల్లో గది తీసుకున్నారు. రిజిస్టరులో సొంత పేరే రాశారు. వృత్తి కూడా ఉన్నదున్నట్టే రాశారు. నెరిసిన జుట్టున్న ప్రొఫెసరును చూసి ఇతను సైనికాధికారి అని ఏ జర్మనూ అనుమానించడన్నది ఆయన అంచనా. పుకార్ల మీద వ్యాసం రాసినవాడికి ఎదుటివాడు ఏం చూడటానికి సిద్ధంగా ఉంటాడో తెలుసు. అంచనా తప్పలేదు.

ఆ వేసవిలో పల్లెలోని సొంత ఇంటికి చేరుకుని, జులై నుంచి సెప్టెంబరు దాకా 'వింత పరాజయం' రాశారు. దాని మూడు భాగాల పేర్లు చూస్తే ఒళ్లు జలదరిస్తుంది. మొదటిది సాక్షి పరిచయం. రెండోది ఓడినవాడి వాంగ్మూలం. మూడోది ఒక ఫ్రెంచి పౌరుడి ఆత్మపరీక్ష. 1914లో పిల్లలకు ఏ నియమాలు చెప్పారో వాటినే ఇప్పుడు తనకు వర్తింపజేసుకున్నారు. నేనెవరిని, ఎక్కడ నిలబడి చూశాను, నా చూపు ఎక్కడ వంకర పోవచ్చు అని ముందే బల్ల మీద పెట్టారు. పుట్టుకతో యూదుణ్ణి, దాని గురించి గర్వమూ లేదు, సిగ్గూ లేదు, యూదు ద్వేషి ఎదురైనప్పుడే ఆ మాట ఎత్తుతానన్నారు. ఆ తర్వాత వాంగ్మూలం మొదలవుతుంది. సేనానులు 1918 నాటి యుద్ధాన్నే మళ్లీ చేశారు. మోటార్ల వేగంతో దూరం అర్థమే మారిపోయిందని వాళ్ల బుర్రకెక్కలేదు. శత్రువు ఉండకూడని చోట ప్రత్యక్షమైతే ఏం చేయాలో తెలియక కాగితాలు అటూ ఇటూ పంపుకుంటూ కూర్చున్నారు. పెట్రోలు కెప్టెన్‌గా కార్యాలయాల మధ్య తిరిగినవాడికి మాత్రమే కనపడే వివరాలవి.

సేనానుల్ని తిట్టి ముగిస్తే అది మంచి పుస్తకం అయ్యేది. మూడో భాగం దాన్ని గొప్ప పుస్తకం చేసింది. అందులో ఆయన తన వర్గాన్నీ తన తరాన్నీ తననూ నిలదీశారు. మొదటి యుద్ధం నుంచి అలసిపోయి తిరిగొచ్చి, ఎవరి పనిముట్లు వాళ్లు పట్టుకుని మంచి పనివాళ్లమనిపించుకున్నాం, మంచి పౌరులుగా గట్టిగా నోరు విప్పలేదని ఒప్పుకున్నారు. ఇది చరిత్రకారుడి నేరాంగీకారం. ఓటమి తర్వాత పుస్తకాలు రాసినవాళ్లు ఏ దేశంలోనైనా లెక్కకు మిక్కిలి. వేలు తనవైపు తిప్పుకున్నవాళ్లు అరుదు. రాతప్రతిని మిత్రులు దాచారు. కొంతకాలం అది ఒక తోటలో మట్టి కింద ఉంది. అచ్చయింది 1946లో.

తర్వాతి మూడేళ్లలో పరిస్థితులు త్వరత్వరగా దిగజారాయి. 1940 అక్టోబరులో, జర్మన్లకు లొంగిన విషీ ప్రభుత్వం యూదుల్ని ప్రభుత్వోద్యోగాల నుంచి తప్పించే చట్టం తెచ్చింది. అసాధారణ సేవల పేర మినహాయింపు దొరికిన కొద్దిమందిలో బ్లోక్ ఒకరు. క్లెర్మాంట్ ఫెరాండ్‌లో, తర్వాత మోంపెలియేలో పాఠాలు చెప్పుకున్నారు. పారిస్‌లోని ఇంటిని జర్మన్లు స్వాధీనం చేసుకుని గ్రంథాలయం ఎత్తుకుపోయారు. న్యూయార్క్ నుంచి ఉద్యోగం పిలుపొచ్చినా పెద్ద పిల్లలకూ ముసలి తల్లికీ వీసాలు ఒకేసారి అందక, కుటుంబాన్ని చీల్చి వెళ్లలేక ఆగిపోయారు. తల్లి 1941లో కన్నుమూశారు.

ఆ వసంతంలోనే ఫెవ్ర్‌తో తగవు వచ్చింది. ఆక్రమిత పారిస్‌లో యూదుడికి వాటా ఉన్న పత్రిక నడవదు. బ్లోక్ తప్పుకుంటేనే 'అనాల్' బతుకుతుందని ఫెవ్ర్ పట్టుబట్టారు. అది లొంగుబాటవుతుందని బ్లోక్ మొదట ససేమిరా అన్నారు. ఉత్తరాలు వేడెక్కాయి, చివరికి ఒప్పుకున్నారు. అట్ట మీద ఆయన పేరు పోయింది. తన పల్లె పేరు ఫూజేర్‌ను మారుపేరుగా పెట్టుకుని ఆయన రాస్తూనే ఉన్నారు. ఫెవ్ర్‌ది ద్రోహమా, లౌక్యమా అని ఫ్రాన్సులో ఇప్పటికీ వాదిస్తారు. పత్రిక ఆగిపోయి ఉంటే కొంపలు మునిగేవి కావు, స్నేహితుడి పేరు చెరిపి నిలబెట్టుకున్న పత్రిక ఆ మచ్చను మోయక తప్పదు. అయినా ఆ తగవు నడిచే రోజుల్లోనే, 1941 మే 10 తేదీ వేసి, 'చరిత్రకారుడి వృత్తి' అన్న కొత్త పుస్తకాన్ని బ్లోక్ ఫెవ్ర్‌కే అంకితమిచ్చారు. కొడుకొకడు తండ్రిని చరిత్ర ఎందుకు పనికొస్తుందని అడగడంతో ఆ పుస్తకం మొదలవుతుంది. ఓడిన దేశంలో, పుస్తకాలు పోగొట్టుకున్న ఇంట్లో ఆ ప్రశ్న లాంఛనానికి వేసింది కాదు.

అదే కాలంలో జర్మన్ యుద్ధఖైదీల శిబిరంలో ఫెర్నాండ్ బ్రోడెల్ అనే మరో చరిత్రకారుడు నోటు పుస్తకాల్లో మధ్యధరా సముద్రపు చరిత్ర రాసి, వాటిని ఫెవ్ర్‌కు పంపుతున్నారు. రోజూ రేడియోలో మోగే సంఘటనల హోరును కాదనుకుని, వాటి అడుగున కొండలూ సముద్రాలూ నడిపే నెమ్మది కాలాన్ని పట్టుకోవాలనుకున్నారు. ఖైదీకి అది ప్రాణవాయువు. బ్రోడెల్ ఆలోచన లోతును తక్కువ చేయనక్కర్లేదు. కానీ శతాబ్దాల నెమ్మది కాలం గురించి బ్రోడెల్ కంటే ముందే రాసిన బ్లోక్, ఆ రోజుల్లో సంఘటనలోకే దూకారు. సముద్రం దృష్టిలో ఒక్క రోజు లెక్కలోకి రాదు, వంతెన మీద నిఘా పెట్టిన పోలీసుకు ఆ ఒక్క రోజే ముఖ్యం. బ్లోక్ ఆ రెండు లెక్కలూ తెలిసినవారు. ఆయన జీవిత చరిత్రను మిగతా చరిత్రకారుల జీవితాల నుంచి వేరు చేసేది ఇదే.

లియోన్‌లో 'ఫ్రాంక్ తిరోర్' అనే ప్రతిఘటన ఉద్యమంలో ఆయన చేరేటప్పుడు ఒక విద్యార్థి ఆయన్ను వెంటబెట్టుకెళ్లి పరిచయం చేశాడు. యాభై దాటిన, కళ్లద్దాల, పెద్దమనిషి తరహా ప్రొఫెసరును చూసి కుర్రకారు ఆశ్చర్యపోయారని ఆ ఉద్యమ నాయకుల్లో ఒకరైన జార్జ్ ఆల్ట్‌మన్ రాశారు. ఆ పెద్దమనిషి ఉత్తరాలు మోశారు, సంకేతాలు నేర్చుకున్నారు, రైళ్లలో తిరిగారు, నార్బోన్ వంటి దొంగ పేర్లు పెట్టుకున్నారు, చివరికి ఆ ప్రాంతపు సంఘటిత ఉద్యమానికి నాయకుల్లో ఒకరయ్యారు. రహస్య పత్రికకు సంపాదకత్వం వహిస్తూ, స్వాతంత్ర్యం వచ్చాక చదువుల్ని ఎలా మార్చాలో 1943లో రాశారు. పరీక్ష కోసమే చదివే చదువు బుర్రను మొద్దుబారుస్తుందని అందులో మండిపడ్డారు. ర్యాంకుల హోర్డింగుల కింద పెరిగిన తెలుగు పిల్లలు ఆ పేజీలు చదివితే తమ గురించే రాశారనుకుంటారు.

1944 మార్చి 8 ఉదయం రోన్ నది మీది వంతెన దగ్గర నాజీల రహస్య పోలీసు దళం గెస్టపో ఆయన్ను పట్టుకుంది. చిత్రహింసలు పెట్టారు. మోంట్‌లుక్ జైల్లో ఉంచారు. జీవితమంతా సాక్షుల నోట నిజం రాబట్టే విద్య నేర్పినవారు, ఇక్కడ పేర్లు చెప్పకుండా నోరు బిగపట్టారు. జూన్ 6న మిత్రసేనలు నార్మండీలో దిగాక జర్మన్లు జైళ్లు ఖాళీ చేయడం మొదలెట్టారు. జూన్ 16 రాత్రి సుమారు 30 మందిని లారీలో ఎక్కించి, లియోన్‌కు ఉత్తరాన సెయింట్ దిదియే అనే పల్లె పక్క పొలంలో కాల్చేశారు. ఇద్దరు గాయాలతో బతికి బయటపడ్డారు.

ఆ చివరి ఘడియ గురించి ఒక కథ ఉంది. పక్కనున్న కుర్రాడు వణుకుతూ, నొప్పి పుడుతుందా అని అడిగితే, బ్లోక్ చెయ్యి పట్టుకుని, లేదు బాబూ, నొప్పి ఉండదని చెప్పారట. ఆల్ట్‌మన్ దీన్ని రాశారు. ఆల్ట్‌మన్ అక్కడ లేరు. ఈ కథను బ్లోక్ పద్ధతిలోనే పరీక్షించాలి. ఎవరు విన్నారు, ఎవరికి చెప్పారు, ఎన్ని నోళ్లు మారి వచ్చింది? బతికిన ఇద్దరి ద్వారా వచ్చి ఉండవచ్చు. విముక్తి పొందిన దేశం తన వీరుడి నోట ఏ మాట వినాలనుకుందో అదైనా అయి ఉండవచ్చు. చదివినవాళ్లెవరికైనా దాన్ని నిజమనే నమ్మాలనిపిస్తుంది. అలా అనిపించడం వల్లే జాగ్రత్తపడాలని నేర్పింది ఆయనే. అంతకంటే గట్టి సాక్ష్యం మరొకటి ఉంది, అది ఏ కథా చెప్పదు. గుర్తుతెలియని శవాల మీద దొరికిన వస్తువుల్ని చూసి కుటుంబం ఆయన మరణాన్ని ధ్రువపరచుకుంది. భార్య సిమోన్ అప్పటికే లేరు. భర్త పోయిన సంగతి తెలియకుండానే ఆమె జులై 2న ఆసుపత్రిలో కన్నుమూశారు.

'చరిత్రకారుడి వృత్తి' అయిదో అధ్యాయంలో, కార్యకారణాల చర్చ మధ్యలో ఆగిపోయింది. ఫెవ్ర్ దాన్ని 1949లో అచ్చు వేయించారు. అచ్చైనదానికీ రాతప్రతులకూ తేడాలున్నాయని తర్వాత తేలింది. కొడుకు ఎతియెన్ ఆ కాగితాలన్నీ పోల్చి చూసి 1993లో కొత్త ప్రతి తెచ్చారు. తండ్రి నేర్పిన పనినే తండ్రి పుస్తకం మీద కొడుకు చేశాడు. అంతకు నాలుగేళ్ల ముందు అమెరికన్ చరిత్రకారిణి కెరోల్ ఫింక్ బ్లోక్ జీవిత చరిత్ర ప్రచురించారు. ఫెవ్ర్‌తో నడిచిన ఉత్తరాలు కూడా సంపుటాలుగా వచ్చాయి. వీరుడిగా పటం కట్టి గోడకు తగిలించిన మనిషి, ఈ కాగితాల వల్ల కోపం, పట్టుదల, పదవుల కోసం పోటీ, భయం ఉన్న మనిషిగా తిరిగొచ్చారు. దీనివల్ల ఆయన స్థాయి రవంత కూడా తగ్గలేదు.

2024 నవంబరు 23న స్ట్రాస్‌బర్గ్‌లో ఫ్రాన్సు అధ్యక్షుడు మాక్రాన్, బ్లోక్‌ను పాంథియోన్‌లో చేరుస్తామని ప్రకటించారు. ఆ దేశం తన మహనీయులకు ఇచ్చే అత్యున్నత గౌరవం అది. కుటుంబం సంతోషించింది. ఒక షరతు కూడా పెట్టింది. తీవ్ర మితవాద పక్షాల వాళ్లు ఆ వేడుకలో ఏ రూపంలోనూ పాల్గొనకూడదని అడిగింది. 1941 మార్చిలో బ్లోక్ రాసుకున్న వీలునామాలో, తన శవం ముందు మతపరమైన ప్రార్థనలు వద్దన్నారు. అయినా యూదుడిగా పుట్టానన్న మాటను ఎన్నడూ దాచలేదనీ, ఫ్రెంచివాడిగా బతికి ఫ్రెంచివాడిగానే పోతాననీ అందులో ఉంది. ఆ రెండు మాటల్లో ఒకదాన్ని ఎత్తుకుని రెండోదాన్ని వదిలేసేవాళ్లు ఆయన సమాధి దగ్గర పూలమాలలతో నిలబడకూడదన్నదే ఆయన వారసుల పట్టుదల.